పాము సీను

మా మరిది భానుప్రకాశ్ నవ్వులు కోసి బతుకుతడు. గిట్ల చెప్తే మీకు సమజ్ కాదు, నాకూ మొదట్ల కాలె. సిన్మాల యాక్టర్ కాదు, డైరెక్టర్ కాదు. ఎడిటర్. అందుల మళ్ళ కామెడీ సిన్మాలకే. "ఏంది బిడ్డా నీ పని?" అని మా అత్త ఈదమ్మ బతికున్నప్పుడు అడిగితే, "ఎక్కువైంది తీసేసుడమ్మా" అన్నడు. "పెంట తీసే పనికి హైదరాబాద్ దాంక పోవాల్నా? ఈడ మన కొట్టం లేదా?" అన్నది ఆమె. మా ఇంట్ల మొదటి నోరు ఆమెది. ఆమె పోయినంక నాది.

నోరు కష్టమైంది మా ఆయనకే. ఆయన పేరు చిన్నయ్య, ఆయనకు నత్తి. మాట మొదటి అక్షరం కాడ ఆగుతది. ఆగిన కాడ నేను అందుకుంట. "ప..." అంటే పంపు పెట్టాలె అని నేనంట. "కూ..." అంటే కూలోళ్ళకు చాయ్ పంపమని. పెండ్లయిన కాన్నుంచి ఆయన మొదలుపెట్టుడు, నేను ముగించుడు. దుకాణంల, దవాఖానల, బస్సుల, ఏడికి పోయినా గిదే. మీ ఇద్దరికి కలిపి ఒక్కటే నోరని ఊరోళ్ళు అంటే నాకు మస్తు సంబురమయ్యేది.

పోయిన వానకాలం, మా సీడుపత్తిల క్రాసింగ్ మొదలైన దినాలల్ల, భాను ట్రాలీ ఆటోల దిగిండు. రెండు పెద్ద టీవీలు, అట్టపెట్టెలు, ఇన్ని వైర్లు.

"ఏందయ్యా, పట్నం ఖాలీ చేసినవా?" అన్న.

"లేదు వదినా. సిన్మా తెచ్చిన. దసరా దాంక ఈడనే కూసోని కోస్త."

"ఆడ కత్తెర్లు లేవా?"

"కత్తెర్లున్నయి. నవ్వెటోళ్ళే లేరు. ఆఫీసుల వేసి సూపిస్తే అందరు ప్రొడ్యూసర్ మొకం సూస్తున్రు. ఆయన నవ్వితే నవ్వుతున్రు, ఆయన ఫోన్ పట్టుకుంటె వీళ్ళూ ఫోన్ పట్టుకుంటున్రు."

ఇదంతా చెప్పేటప్పుడు ఆయన మొకం చూడాలె. మనిషి పోయిన ఇంటికి వచ్చినట్టే ఉంటది ఎప్పుడు. లోకాన్ని నవ్వించి బతికెటోడు పుట్టిన కాన్నుంచి పండ్లు కనబడేటట్టు నవ్వింది నేను సూడలే. సంతోషమైందని ఎట్ల తెలుస్తదంటే, రెండోపారి అన్నం పెట్టుకుంటడు.

ఆయన ఈ పనిల పడ్డది గూడ ఒక కథనే. చదువు మానేసి గద్వాలల పెండ్లి వీడియోల దుకాణంల కుదిరిండు. ఒక పెండ్లిల పెండ్లికొడుకు తాళి కడుతుంటె, ఎన్క బంతిల పిల్ల మేనమామ బూరెలు తింటుండు. భాను ఏం చేసిండు? ఒక ముడి, ఒక బూరె. ఇంకో ముడి, ఇంకో బూరె. మూడో ముడి పడంగనే మేనమామకు ఎక్కిళ్ళు. గట్ల అతికిచ్చి సీడీ ఇచ్చిండు. పెండ్లోళ్ళు కొట్టనీకి దుకాణం మీదికొచ్చిన్రు. కొట్టేముందు ఏం చేసిండో ఒక్కసారి అందరం సూద్దమని పెట్టుకున్నరు. సూసి సూసి కడుపులు పట్టుకోని, కొట్టుడు మర్చిపోయి, సుట్టాలకని ఇంకిన్ని సీడీలు తీస్కపోయిన్రు. ఆ మేనమామనే హైదరాబాద్‌ల తెలిసినోళ్ళకు చెప్పి పంపిచ్చిండు. ఆడ ఏండ్లకేండ్లు ఇంకోళ్ళ ఎన్క కూసోని, తర్వాత ఒక్కొక్క సిన్మా సొంతంగ కోసి, కామెడీ అంటే భానుకియ్యిండ్రి అనే దాంక వచ్చిండు.

"ఎనకటి రెండు ఆడలే వదినా" అన్నడు ఆ మాపు, కంచం ముంగట. "ఇది గూడ పోతే ఇగ నన్నెవ్వరు పిలువరు. పెండ్లి సీడీలు గూడ లేవు ఇప్పుడు."

మా ఆయన తమ్ముని దిక్కు సూసి, "భ... భ..." అన్నడు.

"భయపడకు అంటున్నడు" అన్న నేను. మా ఆయన తల ఊపిండు.

*

క్రాసింగ్ అంటే తెల్వనోళ్ళకు జర చెప్త. చేన్ల ఆడ సాళ్ళుంటయి, మగ సాళ్ళుంటయి. రేపు విచ్చుకునే మొగ్గను ఈ పొద్దు పగటేల గిల్లి, లోపలి పుప్పొడి తీసేసి, ఎర్ర కాయితం తొడుగుతరు. తెల్లారి మగ పువ్వు తెచ్చి దానికి రాస్తరు. ఎండ ముదరకముందే అయిపోవాలె. ఒక్క పూట పోతే ఆ పూట కాయ పోయినట్టే. అందుకని పొద్దుగాల మా ఆయన గట్టు మీద నిలబడి, ఒక్కొక్కరిని పేరు పెట్టి పిలిచి, ఏ సాలు ఎవరిదో చెప్తడు. కూలోళ్ళు గోపాల్‌పేట దిక్కు నుంచి వస్తరు, సీజన్ అయ్యే దాంక మా షెడ్డుల్నే ఉంటరు. వాళ్ళకు పెద్ద జమ్ములమ్మ. ఆమెతోని కృప అనే పిల్ల. కృప నోరు చూస్తే నా నోరు సిన్నబోతది.

ఒక పగటేల వాన బట్టింది. తడి మొగ్గ గిల్లరాదు. అందరు షెడ్డుల కూసున్నరు. భాను వచ్చి, "అక్కా, సిన్మా సూస్తరా?" అన్నడు. తలుపులు మూసి, తెల్ల దుప్పటి కట్టి, దాని మీద బొమ్మ పడేటట్టు ప్రొజెక్టర్ పెట్టి, ఖాలీ బస్తాల మీద అందర్ని కూసోబెట్టిండు. తాను ఏడ కూసున్నడు? దుప్పటి కింద, సిన్మాకు ఈపు పెట్టి, మా దిక్కు మొకం పెట్టి. చేతుల మా సప్పుడు రికార్డ్ చేసే చిన్న మైకు.

"ఏమె గీతమ్మ, మీ మరిది సిన్మా ఇడిసిపెట్టి మమ్మల్ని సూస్తుండేంది?" అన్నది జమ్ములమ్మ.

"ఆయన పనే అది. మీరు ఏడ నవ్వుతరు, ఏడ ఆవులిస్తరు, అది సూసి కోస్తడు."

"అయ్యో, ముందే చెప్తే తల దువ్వుకుందును గదనే!"

సిన్మా నడుస్తుంది. నవ్వుతున్నరు, నడుమల ముచ్చట పెట్టుకుంటున్నరు. గప్పుడు వచ్చింది ఆ సీను. ఒక టిఫిన్ హోటల్. గల్లా కాడ కుర్చీల పెద్ద బొర్రేసుకోని ఓనరు. పాలు పోసే మనిషి క్యాను పట్టుకోని వస్తడు. వానికి నత్తి. ఏందో సూసి బెదిరి, "ప... ప..." అంటడు. "పూరీయా?" అంటడు ఓనరు. "ప... ప..." "పరోటానా? పెసరట్టా? పొంగలా?" పాలాయన నోరు దుప్పటి నిండ పెద్దగ పడ్డది. పెదవులు వంకర, కండ్లు బయటికి, చెంపలు వణుకుడు. ఒకపారి కాదు, మళ్ళ మళ్ళ. ఆఖర్న కుర్చీ కింది నుంచి పాము వచ్చి ఓనరు కాలు మీద పాకితే వాడే "పామో!" అని ఒర్రి, సాంబారు గంగాళంల పడ్డడు.

షెడ్డు షెడ్డంత దద్దరిల్లింది. రేకుల మీది వాన సప్పుడు గూడ ఇనబడలే. కృప అయితే బస్తా మీది నుంచి కిందికి ఒరిగింది. నేను గూడ నవ్విన. నవ్వుకుంట పక్కకు సూసిన. మా ఆయన గూడ నవ్వుతుండు, కండువ నోటికి అడ్డం పెట్టుకోని.

ఆ మాపు భాను రెండోపారి అన్నం పెట్టుకున్నడు. "గంత నవ్వు నా కోతకు ఎన్నడు రాలే వదినా" అన్నడు.

తెల్లారి గట్టు మీద నిలబడి మా ఆయన పిలుస్తుండు. "జ... జ..."

"జిలేబీయా? జంతికలా?" అన్నది కృప, మగ సాళ్ళల్ల నుంచి.

చేనంత నవ్వు. జమ్ములమ్మ గూడ కొంగు అడ్డం పెట్టుకున్నది. మా ఆయన గూడ నవ్విండు. తెల్లారి మళ్ళ గదే. ఇంకో కూలామె సత్యమ్మను పిలువనీకి "స..." అంటే, సమోసానా అని ఎక్కిరిచ్చిన్రు. కడుపుల కుళ్ళు పెట్టుకోని అనలేదు, నాకు తెలుసు. రోజంత వంగి పని చేసెటోళ్ళకు ఒక మాట దొరికింది, అంతే. ఆయన మూడోనాడు పిలువలే. వేలు పెట్టి సాలు సూపిచ్చిండు. తర్వాత గద్వాలకు పోయి, బడి పిల్లల ఆటలల్ల ఊదే విజిల్ ఒకటి కొనుక్కొచ్చుకున్నడు. మెడల ఏస్కున్నడు. పొద్దుగాల గట్టు మీద నిలబడి విజిల్ ఊదుతడు, చెయ్యి సూపిస్తడు.

కృప బుగులు పడ్డది. "అన్నా, ఊకనే అన్న. తప్పయింది అన్నా. పేరు పెట్టి పిలువరాదే" అని గట్టు కింద నిలబడి బతిమిలాడింది. ఆయన తల ఊపిండు. విజిల్ ఊదిండు.

ఇంట్ల గూడ గంతే. అన్నం కావాల్నంటే కంచం ముంగట పెట్టుకుంటడు. నీళ్ళు కావాల్నంటే తానే ముంచుకుంటడు. ఆయన మొదలుపెట్టకపోతే నేనేం ముగియ్యాలె? నేను ఒర్రుతనే ఉన్న, ఇల్లు మాత్రం సప్పుడు లేకుండ అయిపోయింది. నాకు ఏడుపొచ్చింది. ఏడుపొస్తే నాకు కోపమొస్తది.

*

పోయి భాను గదిల నిలబడ్డ. రెండు టీవీల ముంగట కూసోని, చెవులకు డొప్పలు పెట్టుకోని ఉన్నడు. డొప్పలు గుంజేసిన.

"మీ అన్న మెడల ఏమున్నదో సూసినవా?"

"సూసిన వదినా."

"సూసి ఏం చేస్తున్నవ్?"

డొప్పలు మళ్ళ అందుకోబోయిండు. నేనియ్యలే.

"నీ సిన్మా ఒక్క షెడ్డుల పడితేనే మనిషి విజిల్ తెచ్చుకున్నడు. రేపు గద్వాలల పడ్తది, వనపర్తిల పడ్తది, అన్ని ఊర్లల్ల పడ్తది. గప్పుడు నత్తి ఉన్నోళ్ళంత ఏం చెయ్యాలె? అందరు విజిల్లు కొనాల్నా? మా ఆయన నోరు మాకు ఎవ్వరు తెచ్చియ్యాలె? తీసెయ్ ఆ సీను!"

"తీసేస్తే డైరెక్టర్ నన్ను తీసేస్తడు. సిన్మాల అన్నిటికంటే పెద్ద నవ్వు అదే."

"అయితే తీసెయ్యవా?"

టీవీ దిక్కు తిరిగిండు. "తీసేస్తే ఆ పాలాయన సిన్మాలనే లేకుండ పోతడు వదినా. అది గూడ నోరు మూపిచ్చుడే గద. తీసుడు కాదు, నేను తప్పు కాడ కోసిన. ఏడనో తెలుస్తలేదు." అని, కుర్చీల నుంచి లేసి, "అన్నను పిలువు" అన్నడు.

మా ఆయన రానన్నడు, తలతోనే. నేను చెయ్యి పట్టుకోని గుంజుకొచ్చిన. భాను ఆయనను కుర్చీల కూసోబెట్టి సీను పెట్టిండు. తాను టీవీకి ఈపు పెట్టి, అన్న మొకం సూసుకుంట నిలబడ్డడు.

పాలాయన "ప..." అన్నడు. మా ఆయన పెదవులు గూడ కదిలినయి. ఆయనకు తెల్వకుంటనే. పాలాయనతోని కలిసి లోపల్లోపల ఆ మాట మోసుకుంట పోతుండు. ఇగ వస్తది, వస్తది అనంగ, హోటలాయన "పూరీయా?" అన్నడు. మా ఆయన పెదవులు మూసుకున్నయి. మళ్ళ "ప..." మళ్ళ కదిలినయి. "పరోటానా?" మళ్ళ మూసుకున్నయి. భాను ఆపిండు. ఎన్కకు తిప్పి మళ్ళ పెట్టిండు. మళ్ళ గట్లనే అయింది.

మా ఆయన లేసి, టీవీ మీద వేలు పెట్టిండు. పాలాయన మీద కాదు, హోటలాయన మీద. "వీ... వీడు..."

ఎన్ని దినాలకో ఆయన నోట మాట. నేను అందుకుందమని నోరు తెరిచిన. భాను నా దిక్కు సూడకుంటనే చెయ్యి అడ్డం పెట్టిండు.

"వీడు... చె... చె... చెప్పనిస్తలేడు."

గంతే అన్నడు. అని బయటికి పోయిండు. భాను ఆ కుర్చీల కూసున్నడు. సీనును మళ్ళ మొదటికి తిప్పుకుంట అన్నడు: "చిన్నప్పుడు బడికి పోంగ అన్న కథలు చెప్పెటోడు వదినా. మాట ఏడ ఆగుతదో, ఎంతసేపటికి వస్తదో నాకు ఎరుకే. గంతసేపు ఆగితే వచ్చే మాటకు నవ్వు ఎట్ల వచ్చేదో! నా పని నేను నేర్సుకున్నది ఆడనే. సిన్మాల పడి, ఆగుడే మర్చిపోయిన."

*

తర్వాత ఆయన చేసింది నేను కండ్లార సూసిన. చాయ్ ఇయ్యనీకి పోయేది, గోడకు ఒరిగి నిలబడేది, పొయ్యి మీద పప్పు మాడే దాంక. ఇప్పటికీ ఆ సంగతి తలుసుకుంటే నాకు మతి పోతది. ఒక్క కొత్త బొమ్మ తియ్యలే. కెమెరా లేదు, యాక్టర్లు లేరు. గవే ముక్కలు. ముందుది ఎన్కకు, ఎన్కది ముందుకు.

మొదలు పామును తీస్కొచ్చి ముందు పెట్టిండు. హోటల్ తలుపు తెరువంగనే కుర్చీ కింద పాము. ఇగ సూసెటోళ్ళకు తెలుసు, పాలాయనకు తెలుసు, ఓనరుకే తెల్వదు. తర్వాత పాలాయన నోరు దగ్గరి నుంచి తీసిన బొమ్మలన్ని పక్కకు పడేసిండు. దూరం నుంచి మనిషిని సూపిచ్చిండు, క్యాను పట్టుకున్న చెయ్యి సూపిచ్చిండు. ఆ నోరు పోయిన జాగల ఏం పెట్టిండంటే, ఓనరు మొకం. డైరెక్టర్ ఆపుమన్నంక గూడ కెమెరా జరసేపు తిరుగుతదట. గా ఓనరు ఏషమాయన సీను అయిపోయిందనుకోని పుల్లతోని పండ్లు కుట్టుకుంటుండు, మీసం దువ్వుకుంటుండు, ఆవులిస్తుండు. ఎవ్వరికి పనికిరాని ముక్కలు. అవన్ని ఏరి తెచ్చి, పాలాయన "ప..." అన్నప్పుడల్లా పెట్టిండు. ఇప్పుడేమైంది? పాలాయన పానం పెట్టి చెప్తుండు, వీడు మీసం దువ్వుకుంటుండు. మాట నోటి దాంక వస్తది, వీడు "పూరీయా?" అంటడు. పాము జర దగ్గరికొస్తది.

మాట అదే. మనుషులు వాళ్ళే. పాలాయన మొదట పిచ్చోని లెక్క ఉండె. ఇప్పుడు ఆ హోటల్ల సోయి ఉన్నోడు ఆయనొక్కడే. అప్పుడే నాకు కండ్లల్ల నీళ్ళు తిరిగినయి. మనిషిని మనిషిగ సూపెట్టనీకి గింత ఎన్క ముందు చేస్తే సాలునా అనిపిచ్చింది.

భాను పంపిన కొత్త కోత సూసి డైరెక్టర్ ఫోన్ చేసిండు. ఆయన ఒర్రుడు నాకు వంటింట్లకు ఇనబడ్డది. "నత్తి క్లోజప్పులు ఏవయ్యా? ట్రైలర్‌ల అదే పెడ్తున్నం!"

"సార్, ఒక్కసారి జనంల వేసి సప్పుడు పంపుత. ఇనుండ్రి" అన్నడు భాను. "పాతదే కావాల్నంటే పెట్టుకోండ్రి. నా పేరు మాత్రం తీసేయుండ్రి."

ఫోన్ పెట్టేసినంక ఆయన చెయ్యి మళ్ళ కీబోర్డు మీదికి పోయింది. నేను చాయ్ గ్లాసు ఆ చేతుల పెట్టిన.

మళ్ళ వాన కోసం ఎదురుసూసినం. రైతు ఇంట్ల క్రాసింగ్ దినాలల్ల వాన రావాల్నని మొక్కుకున్నది నేనొక్కదాన్నే కావచ్చు. వచ్చింది. షెడ్డుల మళ్ళ దుప్పటి, మళ్ళ బస్తాలు. మా ఆయన రానంటే, తలుపు కాడన్న నిలబడుమన్న. నిలబడ్డడు, మెడల విజిల్‌తోని.

పాము కనబడంగనే ఆడోళ్ళు "అమ్మో" అన్నరు. పాలాయన "ప..." అన్నడు. ఓనరు మీసం దువ్విండు. "పూరీయా?" నవ్విన్రు, ఓనరును సూసి. "ప... ప..." "పరోటానా?" నవ్వు జర తగ్గింది, బస్తాల మీద ముందుకు జరిగిన్రు. మూడోపారి మాట పెదవుల దాంక వచ్చింది. ఓనరు మళ్ళ నోరు తెరుస్తుండు. జమ్ములమ్మ లేసి నిలబడి, చెయ్యి ఎత్తి ఒర్రింది:

"ఓరి నీ నోట్ల మన్నువడ! ఆయనను చెప్పనియ్యరా!"

"చెప్పనియ్యరా!" అని కృప. సత్యమ్మ. అందరు. నేను గూడ. నేనైతే అందరి కంటే గట్టిగ ఒర్రిన, "చెప్పనియ్యరాదురా ఆయనను!" అని. ఒర్రినంక ఎందుకో తలుపు దిక్కు సూసిన. మా ఆయన సిన్మాను సూస్తలేడు. నన్ను సూస్తుండు. నేను కొంగు సర్దుకోని, మళ్ళ దుప్పటి దిక్కు తిరిగిన.

ఓనరు సాంబార్ల పడ్డప్పుడు వచ్చిన నవ్వు మొదటి దాని కంటే పెద్దది. పగ తీరిన నవ్వు అది. దుప్పటి కింద భాను కండ్లు మూసుకోని, మైకు పట్టుకోని ఇంటుండు.

తెల్లారి కృప గట్టు కింద నిలబడి, "అన్నా, పిలువే. నేను ఎంతసేపైనా ఉంట" అన్నది. మా ఆయన నవ్విండు. విజిల్ ఊదిండు. నాకు సమజైంది. షెడ్డుల ఉన్నోళ్ళు మనోళ్ళు. బయట ఎక్కిరిచ్చే లోకముంది.

*

దసరాకు ముందు భాను పెట్టెలు కట్టుకోని పోయిండు. షెడ్డుల పట్టిన నవ్వు పంపితే డైరెక్టర్ అవునన్లే, కాదన్లే. "సూస్త" అన్నడట. తర్వాత ఫోన్ చేస్తే ఎత్తుతలేడట. పత్తి ఏరుడు అయితుండంగ ట్రైలర్ వచ్చింది. అందుల పాత ముక్కనే. పాలాయన నోరు పెద్దగ, "ప... ప..." మా ఊరు మల్దకల్ల ఫోన్లు పట్టుకున్న ప్రతి పిలగాని నోట అదే. మా ఆయన ఎరువుల దుకాణానికి పోతే అరుగు మీది పోరగాళ్ళు "పూరీయా పరోటానా" అన్నరట. విజిల్ ఇగ రాత్రి గూడ మెడల్నుంచి తీస్తలేడు.

సిన్మా వచ్చే నాడు పొద్దుగాల భాను ఫోన్ చేసిండు. "వదినా, ఏది పెట్టిన్రో నాకూ తెల్వదు. నన్ను ఆఫీసు లోపలికి రానిస్తలేరు. నువ్వు అన్నను తీస్కోని గద్వాలకు పో. మొదట్ల పేర్లు పడ్తయి. ఎడిటింగ్ కాడ నా పేరు ఉంటే మన కోతే. లేకుంటే సీను రాకముందే అన్నను లేపుకోని బయటికి వచ్చెయ్."

మా ఆయనకు ఇదేం చెప్పలే. తమ్ముని సిన్మా, పోకపోతే మంచిగుండదు అన్న. వచ్చిండు.

పగటి ఆట. హాలు నిండింది. పేర్లు పడుతున్నయి. నేను సదివేది మెల్లగ, వాళ్ళు తిప్పేది జల్ది. కండ్లు పెద్దగ చేసి సూస్తున్న. సంగీతం పోయింది, కెమెరా పోయింది. సరిగ్గ గప్పుడే ఒక లావాటాయన పేలాల డబ్బాలు పట్టుకోని నా ముంగట నిలబడి, సీటు నంబరు ఎతుకుతుండు! "అయ్యా, జరుగు! ఓ అయ్యా!" అన్న. ఆయన జరిగే వరకు డైరెక్టర్ పేరు పడ్డది. ఇగ ఏం చెయ్యాలె? లేపుకోని పోదునా, ఉందునా? మా ఆయన చెయ్యి పట్టుకున్న. ఏమైందన్నట్టు సూసిండు. ఏం లేదన్న. పాటలొచ్చినయి, కొట్లాటలొచ్చినయి, నాకొక్కటి ఎక్కలే.

టిఫిన్ హోటల్ వచ్చింది. తలుపు తెరుచుకుంది. నేను సగం లేసిన.

కుర్చీ కింద పాము.

నేను దబ్బున కూసున్న. "ప... ప..." ఓనరు మీసం దువ్విండు. హాలు నవ్వింది. ట్రైలర్ సూసి వచ్చిన పోరగాళ్ళు ముందు వరుసల్ల నుంచి "పూరీయా!" అని తామే ఒర్రిన్రు. రెండోపారి ఒర్రినోళ్ళు తక్కువ. పాము జరిగింది. మూడోపారి ఎవ్వరు ఒర్రలే. గంత పెద్ద హాలు, పేలాలు నమిలే సప్పుడు గూడ ఆగింది. ఎవరో ఒక నత్తి మనిషి, పాలు పోసెటోడు, వాని నోట్ల మాట కోసం అందరు ఊపిరి బిగబట్టి కూసున్నరు. ఓనరు నోరు తెరిచిండు. హాలు లేసింది. "ఆగరా రేయ్! చెప్పనియ్యరా ఆయనను!" బాల్కనీ నుంచి, కింది నుంచి, ఆడోళ్ళు, మొగోళ్ళు, గా పేలాలాయన గూడ. పోరగాళ్ళు గూడ.

నా జన్మల గసొంటిది సూడలే. హైదరాబాద్‌ల ఉన్న మా భాను, ఒక్క ముక్క అటిటు జరిపి, గద్వాలల గింతమందిని ఒక్క మాట మీద నిలబెట్టిండు. మా ఆయన దిక్కు సూసిన. కండువ నోటికి అడ్డం లేదు. నోరు కొద్దిగ తెరిచి ఉంది, చెంపల మీద నీళ్ళు కారుతున్నయి. తుడుసుకుంటలేడు.

*

బస్టాండ్ల మా బస్సు నిండిపోయింది. ఆట ఇడిసినోళ్ళే చానమంది. నేను కిటికీ పక్కన, మా ఆయన నా పక్కన. బస్సు కదిలినంక కండక్టర్ వచ్చిండు. నేను ఆధార్ కార్డు తీసి సూపిచ్చిన.

"ఏడికి?" అన్నడు.

"మల్" దాంక వచ్చింది నా నోట. మింగిన. కార్డు అటు తిప్పి ఇటు తిప్పి, కిటికీల నుంచి బయటికి సూసిన. పెండ్లయిన కాన్నుంచి గంత కష్టమైన పని నేను చెయ్యలే.

"ఏడికన్నా?" అన్నడు కండక్టర్ మా ఆయనతోని.

మా ఆయన చెయ్యి విజిల్ కాడికి పోయి, ఆగింది. "మ... మ..."

"మక్తలా? ఇది పోదు."

"మ... మ..."

"మానవపాడా? జల్ది చెప్పన్నా, ఎన్క మంది ఉన్నరు!"

బస్సుల ఎన్క సీట్ల నుంచి ఎవరో, మేము ఎరుగని మనిషి, గట్టిగ ఒర్రిండు: "ఓ కండక్టర్ సాబ్! ఆయనను చెప్పనియ్యరాదే!"

బస్సంత గొల్లున నవ్వింది. కండక్టర్‌ను సూసి. పాపం ఆయనకు ఏం సమజ్ కాలే, మిషన్ పట్టుకోని అట్లనే నిలబడ్డడు. నవ్వు ఆగింది. అందరు మా సీటు దిక్కు సూస్తున్నరు. ఎవ్వరు మాట అందియ్యలే. నేను పండ్ల కింద నాలిక పట్టుకున్న.

"మ... మల్... దకల్" అన్నడు మా ఆయన. జర ఊపిరి తీసుకోని, ఇంకా ఉంది అన్నట్టు చెయ్యి ఎత్తిండు. "నా... నాకొకటి. ఈమె మా ఇం... ఇంటామె. ఈమెది ఫి... ఫిరీ."

కండక్టర్ టికెట్లు కొట్టి ఇచ్చిండు. మా ఆయన వాటిని అంగి జేబుల పెట్టుకోని, నా దిక్కు తిరిగి, భాను చిన్నప్పటి ముచ్చట ఒకటి మొదలుపెట్టిండు. మల్దకల్ వచ్చే వరకు అది ఒడవలే. నేను కార్డు చేతుల పట్టుకోని ఇన్న.